కలిమిలో ఏకాకి: ‘వెల్‌కమ్ టు హార్ట్‌బ్రేక్’ పాట

అమెరికా హిప్‌హాప్ సంగీతంలో డబ్బు గురించి, పేరు గురించి వచ్చిన పాటలకు లెక్కలేదు కానీ, ఆ రెండూ చేతికందిన తరవాత మనిషికి ఏం దక్కకుండా పోయిందో సాకులు చెప్పకుండా, వేదాంతం జోడించకుండా పాడిన పాటలు అరుదు. అటువంటి వాటిలో ‘వెల్‌కమ్ టు హార్ట్‌బ్రేక్’ ఒకటి. 2008 నవంబరు 24న విడుదలైన ‘808స్ అండ్ హార్ట్‌బ్రేక్’ అనే ఆల్బమ్‌లో ఇది రెండవ పాట. చికాగోలో పెరిగిన కాన్యే వెస్ట్, క్లీవ్‌లాండ్ నుంచి వచ్చిన కిడ్ కడీ కలిసి దీన్ని పాడారు. వీరిలో మొదటివాడు అప్పటికే ప్రపంచమంతటా పేరు మోగిన ర్యాపర్, సంగీత నిర్మాత. రెండవవాడికి అప్పటికింకా సొంత ఆల్బమ్ ఒక్కటి కూడా లేదు. కీర్తి, సంపద దక్కినవాడి దిగులును, వాటి కోసం ఇంకా ఎదురుచూస్తున్నవాడు తన గొంతుతో మోయడమే ఈ పాట నిర్మాణంలోని విశేషం. ఒంటరితనం అంటే చుట్టూ మనుషులు లేకపోవడమని సాధారణంగా అనుకుంటారు. ఈ పాటలోని ఒంటరితనం అది కాదు. ఇక్కడ కథకుడికి స్నేహితుడున్నాడు, అయినవాళ్లున్నారు, పెళ్లికి పిలిచే ఆత్మీయులున్నారు, కానీ వాళ్ల జీవితాల్లో తనకంటూ ఒక చోటు లేదు. ఆ సంగతిని మాటల్లోనే కాక, శబ్దంలోనూ వినిపించినందువల్లే ఈ పాట పరిశీలనకు యోగ్యమైంది.

హిప్‌హాప్ అన్నది కేవలం ఒక పాటల బాణీకి పేరు కాదు. న్యూయార్కు నగరంలోని బ్రాంక్స్ ప్రాంతంలో, 1970ల తొలి సంవత్సరాల్లో, నల్లజాతి యువకులూ, కరీబియన్ దీవుల నుంచి వలస వచ్చిన కుటుంబాల పిల్లలూ కలిసి తయారుచేసుకున్న సంస్కృతి అది. రికార్డులను చేత్తో ముందుకూ వెనక్కూ తిప్పుతూ వాయించే డీజే కళ, లయకు తగ్గట్టు మాటలను ప్రాసలతో వదిలే ర్యాప్, నేల మీద చేసే బ్రేక్ డాన్స్, గోడల మీద వేసే గ్రాఫిటీ బొమ్మలు అందులో అంగాలు. 1973 ఆగస్టు 11న సెడ్జ్‌విక్ అవెన్యూలోని 1520 నంబరు భవనంలో, జమైకాలో పుట్టిన డీజే కూల్ హెర్క్ తన చెల్లెలు ఏర్పాటు చేసిన పార్టీలో రికార్డులు వాయించిన రోజును ఈ సంస్కృతికి పుట్టినరోజుగా లెక్కించడం ఆనవాయితీ. పెద్ద రహదారి కోసం ఇళ్లు కూల్చివేతకు గురై, భవనాలు ఒకదాని వెంట ఒకటి తగలబడుతున్నా పట్టించుకునే నాథుడు లేని పేటలో పుట్టిన సంగీతం గనక, దాని మాటల్లో డబ్బు తొలినాళ్ల నుంచీ ముఖ్య వస్తువైంది. మెడలో బంగారు గొలుసు, కాలికి ఖరీదైన బూట్లు, తల్లికి కొనిపెట్టిన ఇల్లు అన్నవి ర్యాప్‌లో ఉత్త డాంబికాలు కావు. లేమిని దాటి బయటపడ్డామని లోకానికి చూపే సాక్ష్యాలు. 1994లో నొటోరియస్ బి.ఐ.జి. పాడిన ‘జ్యూసీ’ ఈ ధోరణికి మకుటంలాంటి పాట.

అదే నొటోరియస్ బి.ఐ.జి. పేరుతో, పఫ్ డాడీ, మేస్ అనే మరో ఇద్దరు కలిసి పాడగా 1997లో వెలువడిన ‘మో మనీ మో ప్రాబ్లమ్స్’ సంపద వెనక వచ్చే తలనొప్పుల గురించిన సమష్టి పాటల్లో అన్నిటికంటే ముందు గుర్తుకొచ్చేది. ఆ ఏడాది మార్చి 9న లాస్ ఏంజిలిస్‌లో ఆ గాయకుడు 24 ఏళ్ల వయసులో తుపాకీ కాల్పులకు బలయ్యాడు. పాట ఆగస్టులో అమెరికా బిల్‌బోర్డ్ పట్టికలో మొదటి స్థానానికి చేరింది. అయితే దాని సంగీతం 1980 నాటి డయానా రాస్ డిస్కో పాట నుంచి తీసుకున్న శాంపిల్ మీద, అంటే పాత రికార్డులోంచి ఒక ముక్కను కత్తిరించి మళ్లీ మళ్లీ వాయించే పద్ధతి మీద నిలబడింది. అందువల్ల డబ్బు పెరిగేకొద్దీ చిక్కులు పెరుగుతాయన్న పల్లవి ఎంత పాడినా వినేవారి కాళ్లు నాట్యానికే సిద్ధమవుతాయి. ఆ పాటలోని చిక్కులు కూడా బయటివే: అసూయపడేవాళ్లు, శత్రువులు, పోలీసులు. లోపలి వెలితికి అందులో చోటు దొరకలేదు. పదకొండేళ్ల తరవాత కాన్యే, కడీ పూరించినది ఆ ఖాళీనే.

కాన్యే వెస్ట్ 1977 జూన్ 8న అట్లాంటాలో పుట్టి చికాగోలో పెరిగాడు; 2021లో చట్టబద్ధంగా తన పేరును యే అని మార్చుకున్నాడు కానీ, ఈ ఆల్బమ్ మీద ఉన్నది పాత పేరే. అతని తల్లి డోండా వెస్ట్ చికాగో స్టేట్ విశ్వవిద్యాలయంలో ఇంగ్లీషు శాఖకు అధ్యక్షురాలిగా పనిచేసిన అధ్యాపకురాలు. భర్త నుంచి విడిపోయి కొడుకును తానే పెంచింది. పరిశోధన, బోధన పనుల మీద చైనాలోని నాంజింగ్ వెళ్లినప్పుడు పదేళ్ల కొడుకును వెంట తీసుకువెళ్లింది. కొడుకు పెద్ద గాయకుడయ్యాక ఉద్యోగం వదులుకొని అతని వ్యవహారాలు చూసుకుంది. 2005లో వచ్చిన ‘లేట్ రిజిస్ట్రేషన్’ ఆల్బమ్‌లో ఆమె మీద అతను ఒక పాట కట్టాడు. 2004, 2005, 2007 సంవత్సరాల్లో వచ్చిన మూడు ఆల్బమ్‌లూ చదువును, కళాశాలను, పట్టా పుచ్చుకోవడాన్ని పేర్లలో మోసుకొచ్చినవే. వాటి స్వరం మొత్తం మీద ఉత్సాహం, ఎగతాళి, గెలుపు. 2007 నాటి ‘గ్రాడ్యుయేషన్’ ఆల్బమ్‌లో టీ-పెయిన్‌తో కలిసి పాడిన ‘గుడ్ లైఫ్’ అనే పాట సంపదలోని సుఖాన్ని మనసారా కీర్తించింది. ఆ పాట పేరు గుర్తుంచుకోదగింది, ఎందుకంటే ఏడాది తరవాత ‘వెల్‌కమ్ టు హార్ట్‌బ్రేక్’లో కథకుడు ఆ సుఖజీవనం కోసమే బతుకంతా పరుగెత్తానని, వెనక్కి చూసుకుంటే బతుకే కనిపించడం లేదని అంటాడు.

ఆ ఏడాదిలో జరిగినది ఇది. 2007 నవంబరు 10న డోండా వెస్ట్, సౌందర్య శస్త్రచికిత్స జరిగిన మర్నాడు, 58 ఏళ్ల వయసులో లాస్ ఏంజిలిస్‌లో మరణించింది. తాను ఆ నగరానికి మకాం మార్చి ఉండకపోతే తల్లి బతికి ఉండేదని కాన్యే తరవాతి కాలంలో ఒక ఇంటర్వ్యూలో చెప్పుకున్నాడు. ఆ మాటలో తర్కం ఎంతున్నదీ పక్కనబెడితే, తన విజయమే తన తల్లిని తీసుకుపోయిందన్న భావం అతనిలో ఎంత లోతుగా నాటుకున్నదో దానివల్ల తెలుస్తుంది. 2008లో, పెళ్లి నిశ్చయమైన స్త్రీతో సంబంధం కూడా తెగిపోయింది. ఆ శరదృతువులో అతను హవాయి దీవుల్లోని హొనొలులూ స్టూడియోలో కూర్చొని కొద్ది వారాల్లోనే కొత్త ఆల్బమ్‌ను పూర్తిచేశాడు. ర్యాప్ పక్కనబెట్టి దాదాపు అన్ని పాటలనూ పాడాడు. అది కూడా గాత్రం మీద పట్టులేని మనిషి పాడినట్టుగా, యంత్రం చేయి పట్టుకొని పాడాడు.

ఆ యంత్రాలు రెండు. వాటి సంగతి వివరంగా చెప్పుకోకపోతే ఈ పాటలోని దుఃఖం సగమే అర్థమవుతుంది. మొదటిది ఆల్బమ్ పేరులోనే ఉన్న 808, అంటే జపాన్‌కు చెందిన రోలాండ్ సంస్థ 1980లో విడుదల చేసిన టీఆర్-808 అనే డ్రమ్ మెషీన్. డ్రమ్ మెషీన్ అంటే తాళవాద్యకారుడి అవసరం లేకుండా, ముందుగా బిగించిన వరుసలో దెబ్బలు వినిపించే ఎలక్ట్రానిక్ పరికరం. ఇందులోని ధ్వనులు నిజమైన డోలు శబ్దాలను రికార్డు చేసినవి కావు. విద్యుత్ వలయాలు పుట్టించినవి. అందుకే అప్పటి సంగీతకారులకు అవి బొమ్మ శబ్దాల్లా తోచాయి, యంత్రం పెద్దగా అమ్ముడుపోలేదు, 1983లో తయారీ ఆగిపోయేనాటికి తయారైనవి దాదాపు 12,000 మాత్రమే. ఆ తరవాత అవి సెకండ్ హ్యాండ్ దుకాణాలకు చేరి, కారుచవకగా, ఖరీదైన యంత్రాలు కొనే స్తోమత లేని కుర్రాళ్ల చేతుల్లో పడ్డాయి. 1982లోనే ఆఫ్రికా బంబాటా బృందం ‘ప్లానెట్ రాక్’ పాటలో దీన్ని వాడి చూపింది. నేలను కదిలించినట్టు మొదలై, చాలాసేపు సాగి, నెమ్మదిగా అణగిపోయే దాని బేస్ దెబ్బ క్రమంగా హిప్‌హాప్‌కే ఆనవాలైపోయింది. పేదవాడి వాకిట్లో పెరిగిన ఆ యంత్రాన్నే కాన్యే ఒక సంపన్నుడి శోకానికి వాడుకోవడంలో ఔచిత్యం ఉంది. ఆల్బమ్ అంతటా ఆ దెబ్బల మధ్య ఖాళీలు పెద్దవి. వాటిని తీగవాద్యాలతోనో, వంత గొంతులతోనో నింపాలన్న ఆత్రం కనిపించదు.

రెండవది ఆటోట్యూన్. దీన్ని కనిపెట్టిన ఆండీ హిల్డెబ్రాండ్ అంతకుముందు చమురు అన్వేషణ రంగంలో పనిచేసిన శాస్త్రజ్ఞుడు. భూమిలోకి పంపిన ప్రకంపనలు తిరిగి వచ్చే తీరును గణితంతో విశ్లేషించి, లోపల ఏముందో అంచనా వేయడం అతని పని. అదే గణితంతో గొంతులోని శ్రుతిని కనిపెట్టవచ్చునని గ్రహించి, 1997లో ఆంటారెస్ సంస్థ ద్వారా ఈ సాఫ్ట్‌వేర్‌ను బయటకు తెచ్చాడు. ధ్వని తరంగం ఎంతసేపటికోసారి తిరిగి వస్తున్నదో లెక్కగట్టి, అది స్వరస్థానానికి కొంచెం అటూ ఇటూగా ఉంటే దగ్గరలోని సరైన స్థానానికి జరపడం దాని పని. నెమ్మదిగా జరిపితే వినేవాళ్లకు సవరణ జరిగినట్టే తెలియదు. ఈ పద్ధతిలోనే తెలుగు సినిమా పాటల రికార్డింగులతో సహా ప్రపంచమంతటా స్టూడియోల్లో శ్రుతి సవరణ రోజువారీ పనైపోయింది. అలా కాకుండా వేగాన్ని గరిష్ఠానికి పెంచితే, గొంతు ఒక స్వరం నుంచి మరో స్వరానికి జారే దారి తెగిపోయి, మెట్ల మీద దూకినట్టు దూకుతుంది. 1998లో షేర్ పాడిన ‘బిలీవ్’ పాటలో లోకం మొదటిసారి ఆ దూకుడును గమనించింది. 2005 తరవాత టీ-పెయిన్ దాన్ని వేడుక పాటల అలంకారంగా మార్చాడు.

తెలుగు శ్రోతలకు గమకం అంటే ఏమిటో వేరే చెప్పనక్కర్లేదు. స్వరాల మధ్య ఊగే ఆ కదలికలోనే గాత్రానికి ప్రాణముంటుందని కర్ణాటక సంగీతం నమ్ముతుంది. ఆటోట్యూన్‌ను తీవ్రంగా వాడితే పోయేది సరిగ్గా అదే. దుఃఖంలో ఉన్నవాడి గొంతు వణకాలి, జీరపోవాలి, ఒక్కోసారి శ్రుతి తప్పాలి. కాన్యే గొంతులో ఆ వణుకు మొదలవగానే యంత్రం పట్టి నిలబెట్టేస్తుంది. ఏడవబోయిన ప్రతిసారీ ఎవరో అడ్డుపడి ముఖం సరిచేసినట్టు వినిపిస్తుంది. ఎప్పుడూ కెమెరాల ముందు బతికే మనిషికి ఏడుపు కూడా స్వేచ్ఛగా రాదన్న సంగతిని ఇంతకంటే సూటిగా వినిపించడం కష్టం. ఆల్బమ్ వెలువడినప్పుడు చాలామంది ఇది గాత్రలోపాన్ని కప్పిపుచ్చుకునే ఉపాయమని అన్నారు. ఆ మాటలో కొంత నిజం లేకపోలేదు కానీ, కప్పడానికి వాడిన గుడ్డ మీదనే లోపలి ఆకారం స్పష్టంగా తేలిన సందర్భం ఇది.

ఇక సహగానం సంగతి. హిప్‌హాప్‌లో ఒకరి పాటలో మరొకరు వచ్చి పాడడాన్ని ఫీచరింగ్ అంటారు. సాధారణంగా పేరున్న ఇద్దరి అభిమానులను ఒక్కచోటికి చేర్చడానికి, లేదా ఎవరి చరణం బాగుందో తేల్చుకునే పోటీకి ఇది సాధనం. ‘వెల్‌కమ్ టు హార్ట్‌బ్రేక్’లో ఈ రెండూ లేవు. కిడ్ కడీ అసలు పేరు స్కాట్ మెస్కుడి; 1984 జనవరి 30న పుట్టాడు; పదకొండేళ్ల వయసులో తండ్రిని క్యాన్సర్‌కు పోగొట్టుకున్నాడు; న్యూయార్కు చేరి బట్టల దుకాణంలో పనిచేస్తూ పాటలు కట్టుకున్నాడు. రాత్రంతా నిద్రపట్టని ఒంటరి మనిషి గురించి అతను చేసిన ‘డే అండ్ నైట్’ పాట, 2008 జూలైలో ఉచితంగా విడుదల చేసిన మిక్స్‌టేప్, అంటే సంస్థల ప్రమేయం లేకుండా పంచే పాటల సంకలనం, కాన్యే దృష్టికి వచ్చాయి. హొనొలులూకు పిలిపించుకొని అతనితో కలిసి ఈ ఆల్బమ్‌లోని నాలుగు పాటలు రాశాడు. పాడడానికీ ర్యాప్‌కూ మధ్యగా, పెదవి విప్పకుండా గొణిగినట్టు సాగే కడీ తీరే ఆల్బమ్ మొత్తానికి ఛాయగా పరుచుకుంది. పేరున్నవాడు కొత్తవాడికి అవకాశమిచ్చాడని అప్పట్లో పత్రికలు రాశాయి. నిజానికి ఇచ్చిపుచ్చుకోవడంలో పెద్ద భాగం కొత్తవాడి నుంచే వచ్చింది, ఎందుకంటే ఒంటరితనాన్ని పాటగా ఎలా మలచాలో అతనికి అప్పటికే తెలుసు.

పాట మంద్రస్థాయి తీగవాద్యాల ధ్వనితో, పియానోతో మొదలవుతుంది. డ్రమ్ములు తరవాత వస్తాయి. నిర్మాణంలో జెఫ్ భాస్కర్ చేయి కూడా ఉంది. మొదటి చరణంలో ఒక స్నేహితుడు తన పిల్లల ఫొటోలు చూపిస్తాడు; కథకుడు తిరిగి చూపించగలిగినవి తన ఇళ్ల ఫొటోలు. స్నేహితుడి కూతురికి కొత్తగా బడి నుంచి మార్కుల కార్డు వచ్చింది. కథకుడి దగ్గరున్నది కొత్తగా కొన్న స్పోర్ట్స్ కారు. ఈ రెండు జంటలనూ మూలంలో అంత్యప్రాస కలుపుతుంది. ర్యాప్‌లో ప్రాస సాధారణంగా మాటకారితనానికి గుర్తు. ఇక్కడ అది త్రాసులా పనిచేసి, పిల్లలను ఒక తట్టలో, భవనాలను మరో తట్టలో పెట్టి చూపిస్తుంది. ఏది బరువో పాట చెప్పదు. గమనించవలసినదేమంటే, ఫొటోలు చూపించే స్నేహితుడిలో ఎత్తిపొడుపు లేదు, జాలి లేదు. పిల్లలున్న తండ్రి ఎవరైనా చేసే పనే అతను చేశాడు. గాయపరచాలన్న ఉద్దేశం ఎవరికీ లేకుండానే గాయం తగలడం ఈ పాటలో ప్రతి సంఘటనకూ లక్షణం.

తరవాతి దృశ్యం విమానంలో జరుగుతుంది. ఒక తండ్రి పరిహాసంగా ఏదో అన్నాడు, పిల్లలంతా నవ్వారు. కానీ ముందు భాగంలో, ఫస్ట్ క్లాసులో కూర్చున్న కథకుడికి ఆ మాట వినపడలేదు. పాట మొత్తంలో అత్యంత నిశితమైన చోటు ఇదే. విమానంలో ముందు వరుసల్లోని ఎక్కువ ధర సీట్లకూ వెనక సీట్లకూ మధ్య ఒక తెర ఉంటుంది. ఆ తెర అటువైపు ఉండేందుకే మనిషి అన్ని రెట్లు డబ్బు చెల్లిస్తాడు. కాళ్లు చాపుకునే చోటు, ప్రశాంతత, గుంపుకు దూరంగా ఉండడం అన్నవి ఆ ధరలో భాగాలు. అంటే కథకుడు కొనుక్కున్నది నిశ్శబ్దమే, దొరికినదీ నిశ్శబ్దమే. ఆ నిశ్శబ్దంలో ఒక కుటుంబపు నవ్వు వినిపించి, నవ్వుకు కారణం మాత్రం వినిపించకుండా పోయింది. సంపద మనిషిని వేరుచేస్తుందని ఎందరో పాడారు కానీ, ఆ ఎడం రుసుము చెల్లించి తెచ్చుకున్నదేనని ఒక్క టికెట్టుతో చూపించిన పాట ఇది.

మూడవ దృశ్యం ఒక సరస్సు ఒడ్డున పెళ్లి. పెళ్లికూతురు కథకుడికి చెల్లెలి వరస. ఆ పెళ్లికి తన వెంట ఎవరిని తీసుకువెళ్లాలో అతనికి తోచలేదు. వెళ్లడమే ఆలస్యంగా వెళ్లాడు. పాశ్చాత్య వివాహాల్లో అందరూ చేరి కేకు కోసే ఘట్టం ముఖ్యమైనది కాగా, అది జరగకముందే వెళ్లిపోవలసి వచ్చింది. తెలుగువారి లెక్కలో చెప్పాలంటే ముహూర్తం దాటాక వచ్చి, భోజనాల వేళకు ముందే లేచిపోయిన బంధువు. విదేశాల్లో ఉద్యోగాలు చేస్తూ, రాక రాక ఊరికి వచ్చి, సెలవు చాలక పెళ్లి మధ్యలో విమానాశ్రయానికి బయల్దేరే కుటుంబాలకు ఈ ఘట్టం కొత్తగా వివరించనక్కర్లేదు. అతనికి అంత తొందర పని ఏమిటో పాట చెప్పకపోవడం గమనార్హం. పని గొప్పదే అయివుంటుంది, దానికి డబ్బూ బాగానే వచ్చివుంటుంది. పాటకు ఆ వివరం అక్కర్లేదు.

ఈ మూడు దృశ్యాల మధ్య కడీ గొంతు పల్లవిగా వస్తుంది. తల తిరిగిపోతున్నదని, కళ్లముందు ఏవేవో దృశ్యాలు ఆగకుండా కదులుతున్నాయని అది చెబుతుంది. పల్లవికీ చరణాలకూ మధ్య సంభాషణ లేదు; ఒకరి మాటకు ఒకరు బదులివ్వరు. రెండు గొంతులూ ఒకే గదిలో ఉండి, ఒకరినొకరు వినని ఇద్దరు మనుషుల్లా ఉంటాయి. అయినా వినేవారికి మాత్రం రెండూ కలిసే వినిపిస్తాయి. సహగానంలో తోడు దొరకాలి గదా అన్న సహజమైన ఆశను పాట కావాలనే నెరవేర్చదు. కడీ స్థానంలో మరో సంపన్న గాయకుడు ఉంటే ఇది ఇద్దరు ధనికుల ఫిర్యాదుగా మిగిలిపోయేది. ఇంకా ఏమీ దక్కని యువకుడు అదే దిగులు పాడడం వల్ల, దిగులు డబ్బుతో పుట్టినది కాదని, డబ్బు దాన్ని తీర్చలేకపోయిందని మాత్రమే అర్థమవుతుంది. ఈ తేడా చాలా ముఖ్యమైనది.

రాజాస్థానాల వైభవాన్ని దగ్గరగా చూసి విసిగినవారి గొంతు తెలుగు సాహిత్యానికి కొత్త కాదు. ధూర్జటి పేరుమీద ఉన్న శ్రీకాళహస్తీశ్వర శతకం రాజులను, రాజసేవను ఎంత తీవ్రంగా ఈసడించిందో తెలిసినవారికి, కాన్యే పాటలోని విసుగు పరిచయమైనదిగానే తోస్తుంది. అయితే శతక కవికి వెళ్లడానికి ఒక దిక్కు ఉంది. రాజును విడిచి శివుణ్ణి చేరతాడు, పద్యం చివర ప్రతిసారీ ఆ పేరు పిలుస్తాడు. ‘వెల్‌కమ్ టు హార్ట్‌బ్రేక్’ కథకుడికి పిలవడానికి పేరు లేదు. అతను కారు అమ్మేస్తానని అనడు, ఇళ్లు వదిలేస్తానని అనడు, తప్పు ఎక్కడ జరిగిందని మాత్రం అడిగి ఊరుకుంటాడు. ఇది వైరాగ్యం కాదు. వైరాగ్యానికి ముందుండే దశ. దాన్ని వైరాగ్యంగా నటించకపోవడంలోనే ఈ పాట నిజాయితీ ఉంది.

2009లో ఈ పాటకు నబీల్ ఎల్డర్‌కిన్ దర్శకత్వంలో వచ్చిన వీడియో డేటామోషింగ్ అనే పద్ధతిని వాడింది. డిజిటల్ వీడియోలో ప్రతి చిత్రాన్నీ పూర్తిగా భద్రపరచరు; అక్కడక్కడ ఒక పూర్తి చిత్రాన్ని ఉంచి, మధ్యలో మారిన భాగాలను మాత్రమే నమోదు చేస్తారు. ఆ పూర్తి చిత్రాలను కావాలని తీసేస్తే, కొత్త దృశ్యంలోని కదలిక పాత దృశ్యంలోని రంగుల మీద సాగి, ముఖాలు కరిగి ఒకదానిలోకి ఒకటి జారతాయి. గాయకుడి ముఖాన్ని నిలకడగా ఉండనివ్వని ఆ ఎంపిక పాటకు తగినదే.

కలిగినవాడి దిగులును తిన్నదరగని బాధగా తీసిపారేయడం తేలిక. అద్దె కట్టలేనివారు ఎందరో ఉన్న దేశంలో, భవనాలున్నవాడి మీద సానుభూతి ఎందుకన్న ప్రశ్న న్యాయమైనదే. దీనికి సమాధానం పాటలోనే ఉంది: అది సానుభూతి అడగదు, తన బాధ పేదవాడి బాధకంటే పెద్దదని ఎక్కడా అనదు, ఎవరినీ నిందించదు. ఇదే ఆల్బమ్‌లోని ‘హార్ట్‌లెస్’, ‘రోబోకాప్’ వంటి పాటలకు ఈ మెప్పు చెందదు. వాటిలో తెగిపోయిన సంబంధానికి దోషమంతా స్త్రీ మీదికి నెట్టే ధోరణి ఉంది, తన మీద తాను జాలిపడడం కూడా ఉంది. ఆల్బమ్ చివర సింగపూర్ కచేరీలో అప్పటికప్పుడు పాడిన ‘పినోకియో స్టోరీ’ ఉంది; చెక్కబొమ్మ నిజమైన పిల్లవాడు కావాలని కోరుకునే ఇటలీ కథను తనకు అన్వయించుకుని, పెద్ద కంపెనీల ఖరీదైన దుస్తులేవీ తనను నిజమైన మనిషిని చేయలేకపోయాయని అతను అందులో వాపోతాడు. ఆ పాటలో ఆవేదన ఎక్కువ, అదుపు తక్కువ. మూడు చిన్న సంఘటనలను చెప్పి ఆగిపోయిన ‘వెల్‌కమ్ టు హార్ట్‌బ్రేక్’ దానికంటే ఎంతో పై మెట్టు మీద ఉంది.

ఆల్బమ్ మొదటి వారంలో దాదాపు 4,50,000 ప్రతులు అమ్ముడుపోయి బిల్‌బోర్డ్ పట్టికలో మొదటి స్థానం పొందింది. అభిమానుల్లో చాలామంది మాత్రం అయోమయపడ్డారు. మెచ్చుకోలు నెమ్మదిగా, ముఖ్యంగా తరవాతి తరం గాయకుల ద్వారా వచ్చింది. 2009 ఫిబ్రవరిలో కెనడాకు చెందిన డ్రేక్ విడుదల చేసిన మిక్స్‌టేప్‌లో ఈ ఆల్బమ్ తొలి పాట సంగీతాన్నే తీసుకుని దాని మీద తన మాటలు పాడుకున్నాడు. ఆ తరవాతి దశాబ్దంలో గెలిచినవాడు తన గెలుపులోనే దిగులుపడడం హిప్‌హాప్‌లో మామూలు విషయమైపోయింది. మామూలైన ప్రతిదానికీ ఉండే ప్రమాదం దీనికీ వచ్చింది. దిగులు కూడా గొలుసులా, కారులా ఒక ఆడంబరంగా మారిన పాటలు అనేకం వచ్చాయి.

కానీ ఈ ఇద్దరి విషయంలో అది ఆడంబరం కాదని కాలం నిరూపించింది. 2016 అక్టోబరులో కిడ్ కడీ తాను తీవ్రమైన కుంగుబాటుతో, ఆత్మహత్య ఆలోచనలతో బాధపడుతూ చికిత్సకు చేరినట్టు సామాజిక మాధ్యమంలో బహిరంగంగా రాశాడు. మగవాడు, అందులోనూ నల్లజాతి మగవాడు, ఇటువంటి మాట పైకి చెప్పకూడదన్న కట్టుబాటును అది కదిలించి, వేలాదిమంది ఒకరినొకరు క్షేమమేనా అని అడిగేలా చేసింది. మరుసటి నెలలోనే కాన్యే తన కచేరీ యాత్రను రద్దు చేసుకుని లాస్ ఏంజిలిస్‌లో ఆసుపత్రి పాలయ్యాడు. 2018 జూన్‌లో వచ్చిన ఆల్బమ్ ముఖచిత్రం మీద తన బైపోలార్ వ్యాధిని, అంటే ఉద్వేగపు ఉత్కర్షకూ కుంగుబాటుకూ మధ్య మనసు ఊగిసలాడే రుగ్మతను, తానే ప్రస్తావించాడు. ఆ నెల 8వ తేదీనే ఇద్దరూ కలిసి ‘కిడ్స్ సీ గోస్ట్స్’ అనే ఏడు పాటల ఆల్బమ్ విడుదల చేశారు. ముఖచిత్రం జపాన్ చిత్రకారుడు తకాషి మురకామిది. 2022లో వారి మధ్య విభేదాలు బజారున పడ్డాయి. అదే ఏడాది అక్టోబరులో కాన్యే యూదులపై ద్వేషంతో చేసిన వ్యాఖ్యలు తీవ్ర నిరసనకు గురయ్యాయి. అడిడాస్ సంస్థ అతనితో ఒప్పందాన్ని రద్దు చేసుకుంది. ఆ మాటలకు వ్యాధి గానీ, శోకం గానీ, 2008 నాటి ఒక మంచి పాట గానీ సమర్థన కాజాలవు. పాటను మెచ్చుకోవడానికి పాడినవాడి తరవాతి నడతను మాఫీ చేయవలసిన అవసరమూ లేదు.

ఆసక్తిగల శ్రోతలు ‘వెల్‌కమ్ టు హార్ట్‌బ్రేక్’ను ముందు విని, ఆ వెంటనే ‘కిడ్స్ సీ గోస్ట్స్’ ఆల్బమ్‌లోని ‘రీబార్న్’ పాట వినడం మంచిది. మొదటిదానిలో ఒకరినొకరు వినని ఆ రెండు గొంతులు, పదేళ్ల తరవాత రెండవదానిలో ఒకే మాట మీద నిలబడతాయి. ముందుకు నడుస్తూనే ఉండాలన్నది ఆ మాట సారాంశం. పల్లవి అక్కడ కూడా కడీదే, దాన్ని అతను ఏమాత్రం తొందరపడకుండా మళ్లీ మళ్లీ పాడతాడు. రెండు పాటలూ కలిపి పది నిమిషాల లోపే ముగుస్తాయి.